ముప్పై ఒక్కసార్లు చనిపోయిన మనిషితో జువ్వలదిన్నెలో

నెల్లూరు జిల్లాలో పుట్టి, యాభై ఎనిమిదేళ్ళు వచ్చాక, సముద్రాన్ని సరిగ్గా చూడ్డానికి నాకొక జర్మన్ ముసలాయన తోడు కావాల్సి వచ్చింది. చెప్పుకుంటే సిగ్గుచేటే, చెప్పకపోతే ఈ ప్రయాణం సంగతి మొదలవదు. మాది సంగం అవతల వరి పండించే ఊరు. మా వాళ్ళకి నీళ్ళంటే కాలువ నీళ్ళే. సముద్రం మాట ఎత్తితే మా నాన్న, "ఏముందిరా ఆడ, మడికి పనికిరాని నీళ్ళు" అని తీసిపారేసేవాడు. నేనూ అలాగే నమ్మి బతికేశాను.

నా ఉద్యోగం చెన్నైలో ఒక యంత్రాల ఫ్యాక్టరీలో. జర్మనీ నుంచి ఇంజనీర్లు వచ్చి మరలు బిగిస్తుంటే, పక్కన నిలబడి వాళ్ళ మాట మా వాళ్ళకీ మా వాళ్ళ మాట వాళ్ళకీ చెప్పడం. ముప్పై ఏళ్ళు అదే పని. అందుకని నా జర్మన్ భాషలో బోల్టులూ బేరింగులూ వారంటీలూ తప్ప ఇంకేం లేవు. ఆ ఇంజనీర్లలో ఒకాయన రిటైరై, తన బావగారిని నా నెత్తిన పెట్టాడు. "మీ జిల్లాలో సముద్రం ఒడ్డున ఇప్పటికీ చేత్తో వలలు బాగుచేస్తారట కదా, ఆయనకి చూపించు" అని ఫోను చేశాడు. సముద్రం గురించి నాకేమీ తెలియదని చెప్పడానికి మొహమాటం అడ్డొచ్చింది.

ఆ బావగారి పేరు ఆర్నో వెండ్లర్. డెబ్బై రెండేళ్ళు. నటుడు. హీరో కాదు, హీరోకి తలుపు తీసే మనిషి. మంగళవారం పొద్దున నెల్లూరు స్టేషన్‌లో రైలు దిగుతుంటే ఈయన్ని ఎక్కడో చూశానే అనిపించింది. రెండు నిమిషాల తర్వాత మొహం గుర్తు రాలేదు. పక్కనే నడుస్తున్నారు కాబట్టి సరిపోయింది.

నెల్లూరు: నిన్నటి పులుసు

మెస్‌లో కూర్చోగానే వడ్డించే ఆయన అడిగిన మొదటి మాట, "నిన్నటి పులుసా సార్, ఇవాళ్టిదా?" అని. మా ఇంట్లో నిన్నటిది పెడితే అలిగి లేచిపోతాం. ఇక్కడ నిన్నటిదానికే గిరాకీ, ముక్కకి ఇరవై రూపాయలు ఎక్కువ కూడా. పులుసు ఒక రాత్రి ఊరితే మామిడికాయ పులుపు వంజరం చేప ముక్కలోకి దిగుతుందట. నిన్నటిదే చెప్పాను. తిన్నాక ఇంటికి ఫోను చేసి ఈ సంగతి చెబితే మా ఆవిడ, "ఆ మెస్ వాళ్ళ అమ్మాయిని ఎవరికైనా చూడండి, నిన్నటిదే పెట్టి మీ లాంటి వాళ్ళని సుఖంగా ఏలుకుంటుంది" అంది.

ఆర్నో గారు స్పూను ముట్టుకోలేదు. ఎదుటి బల్ల దగ్గర ఒక పెద్దాయన అన్నం కలుపుతుంటే కళ్ళార్పకుండా చూశారు. తర్వాత ముద్ద కలపడం, వేళ్ళతో ముల్లు విడదీయడం, మధ్యలో బొటనవేలితో మీసం తుడుచుకోవడం అన్నీ అచ్చం ఆయనలాగే చేశారు. అంతా బాగానే ఉంది, తిన్నది మాత్రం ఎడమచేత్తో. వడ్డించే ఆయన పరిగెత్తుకొచ్చాడు. "సార్, కుడిచెయ్యి, కుడిచెయ్యి!" ఎడమచేతివాటం మనిషేమోలే అని నేను సర్దిచెప్పాను. ఆ మాట తప్పని శుక్రవారం దాకా తెలియలేదు.

తింటూ తన కథ చెప్పారు. నాన్న రైల్వేలో సిగ్నల్ మనిషి. ఈయన నటన నేర్చుకోవడానికి వెళితే, మొదటి ఏడాదే గురువు పిలిచి, "నీది జనం రోజూ చూసే మొహం, అందుకే ఎవరూ చూడరు. దిగులు పడకు, నీకు జీవితాంతం పని దొరుకుతుంది" అన్నాడట. అలాగే దొరికింది. కసాయి, పోస్ట్‌మ్యాన్, హోటల్ గుమాస్తా, గడియారాలు బాగుచేసేవాడు, పోలీసు సీరియళ్ళలో అనుమానితుడు. ఏ వేషం వచ్చినా ఆ పని చేసే నిజమైన మనిషి దగ్గర వారం రోజులు కూర్చుని చేతులు నేర్చుకుంటారు. నలభై ఆరేళ్ళుగా ఆయన పద్ధతి అదే.

ఇప్పుడు మొదటిసారి పెద్ద వేషం వచ్చింది. వలలు బాగుచేసే ముసలాయన. సినిమా అంతా ఆయనే, మాటలు దాదాపు లేవు. డైరెక్టర్ ముప్పై నాలుగేళ్ళ అమ్మాయి. ఆవిడకి ఈయన మీద పూర్తిగా నమ్మకం కుదరలేదు. ఆదివారం లోపల వల అల్లుతున్న వీడియో పంపాలి, పది నిమిషాలు, ఎక్కడా కత్తిరించకుండా. నచ్చకపోతే ఆ వేషం పేరున్న ఇంకో నటుడికి వెళ్తుంది. ఆయన సిద్ధంగా ఉన్నాడట. ఇది చెబుతూ ఆర్నో గారు మలై కాజా సగం కొరికి ఆపేశారు. ఆ సగం నేను తిన్నాను, పారేయడం మనకి అలవాటు లేదు.

మైపాడు: ఒక చావు, ఒక చెంబు నీళ్ళు

ఇందుకూరుపేట దాటాక రోడ్డుకి రెండు వైపులా రొయ్యల చెరువులు. నీళ్ళు చిమ్మే చక్రాలు తిరుగుతున్నాయి. వరి ఉండాల్సిన చోట రొయ్య ఉందని నాకు కడుపు మండింది. కారు ఆపి ఒక రైతుతో ఆ మాటే అన్నాను. ఆయన నవ్వి, "నువ్వు నారు పోసి ఇంటికి పొయ్యి పడుకుంటావన్నా. రొయ్య నన్ను పడుకోనిస్తే గదా! నీ వరే సుఖం" అన్నాడు. వల బాగుచేసేవాళ్ళ కోసం అడిగితే, "మాకు చిరిగితే కొత్తది కొనేస్తాం. జువ్వలదిన్నె పొండి, ఆడ పోలయ్యని ఉండాడు" అని చెప్పాడు.

మైపాడు ఒడ్డున నెల్లూరు నుంచి వచ్చిన ఒక కుటుంబం ఆర్నో గారితో ఫొటో అడిగింది. ఆరు తీశారు. ఆరింటిలోనూ ఆయన మోచెయ్యి మాత్రమే పడింది. అందరూ సర్దుకుని నిలబడగానే ఈయన కాలు దానంతటది పక్కకి జరుగుతుంది. "హీరో వచ్చినప్పుడు జరగాలి కదా, అలవాటు" అన్నారు. అక్కడ హీరో ఎవరయ్యా అంటే, గాలిబుడగ పట్టుకున్న మూడేళ్ళ పిల్ల.

మిరపకాయ బజ్జీలు తింటూ, మీరు ఎక్కువగా వేసిన వేషం ఏమిటని అడిగాను. "శవం. ముప్పై ఒక్కసార్లు చనిపోయాను" అన్నారు. విషం, కత్తి, తుపాకీ, మెట్ల మీంచి పడడం. ఎలా అని నోరు జారాను. ఆయన పొట్లం నా చేతిలో పెట్టి, గుండె పట్టుకుని, రెండడుగులు వెనక్కి తూలి, ఇసుకలో కూలిపోయారు. ఎంత బాగా చనిపోయారంటే నేనే కెవ్వుమన్నాను. బజ్జీలమ్మే ఆవిడ పొయ్యి వదిలేసి చెంబెడు నీళ్ళు తెచ్చి ఆయన మొహాన కొట్టింది. ఇంకెవరో అరికాళ్ళు రుద్దారు. ఆయన కళ్ళు తెరిచి, లేచి, సభకి నమస్కారం చేసినట్టు వంగారు.

బజ్జీల ఆవిడ ఊరుకుంటుందా? "ఏందయ్యా, ఈ వయసులో ఆటలా? మా గుండెలు ఆగిపొయినాయి గదా!" అని వీపు మీద ఒక్కటిచ్చింది. నేను సిగ్గుతో చచ్చాను. ఆయనేమో తడిసిన మొహంతో ఆనందపడిపోతున్నారు. తాను చనిపోతే ఎవరైనా పరిగెత్తుకు రావడం ఇదే మొదటిసారట. సినిమాల్లో శవం మీంచి దాటుకుని పోతారు, ఈ లోపల హీరో సిగరెట్టు వెలిగిస్తాడు.

తిరిగి వస్తుంటే కారులో ఇంకో మాట చెప్పారు. భార్య గీజెలా ఆయన చనిపోయిన ప్రతిసారీ వంటింటి క్యాలెండర్‌లో చిన్న శిలువ గీసేదట. సాయంత్రం ఆయన ఇంటికి రాగానే సూప్ పోసి, "ఇవాళ ఎలా పోయావు?" అని అడిగేదట. రెండేళ్ళ కిందట ఆవిడే నిజంగా పోయింది. నాకు జర్మన్‌లో ఓదార్పు మాట ఒక్కటీ రాదు. నాకొచ్చిన దాంట్లో దగ్గరగా ఉన్నది, "ఈ విడిభాగం మళ్ళీ దొరకదు" అనే వాక్యం. అదే అన్నాను. ఆయన చాలాసేపు తలాడించారు.

జువ్వలదిన్నె: ఎదురుగా కూర్చుంటే

బోగోలు మీదుగా రేవుకి చేరేసరికి గురువారం పొద్దున ఎనిమిదయింది. టార్పాలిన్ నీడన పోలయ్యన్న కాలి బొటనవేలికి వల తగిలించి లాగిపట్టి, ప్లాస్టిక్ సూదితో చిరుగులు అల్లుతున్నాడు. అరవై అయిదేళ్ళుంటాయి. ఆయన భార్య కాంతమ్మ చేపల గంప దించి మమ్మల్ని ఎగాదిగా చూసింది.

"ఏం పని ఈయనది?" అన్నాడు పోలయ్యన్న.

"సినిమాల్లో వేషాలు."

"హీరోనా?"

"కాదన్నా. ఎక్కువగా చచ్చిపోయే వేషాలు."

"దానిక్కూడా జీతమిస్తారా?" అని కాంతమ్మ ఆశ్చర్యపోయింది. "మా ఆయన రోజూ ఇంటికొచ్చి చచ్చినట్టు పడుకుంటాడు, ఒక్క రూపాయి రాలేదు."

పోలయ్యన్న నవ్వలేదు. ఎదురుగా ఇసుక మీద చోటు చూపించి, ఒక చిరిగిన ముక్కా సూదీ ఇచ్చాడు. రెండు రోజులు ఇద్దరూ ఎదురెదురుగా కూర్చున్నారు. నాకు అక్కడ పనే లేదు, వాళ్ళు మాట్లాడితే కదా. ఒక్కటి గమనించాను. పని ఆపినప్పుడల్లా పోలయ్యన్న ఎడమచెయ్యి తువ్వాలు కిందికి పోతుంది. చెమటకేమో అనుకున్నాను. మధ్యాహ్నం కాంతమ్మ నెత్తళ్ళనే చిన్న చేపల వేపుడు పెట్టింది. మా వైపు వేపుడంటే కరకరలాడాలి, ఇక్కడ మెత్తగా వేళ్ళకి అంటుకుంటుంది. నాకు నచ్చలేదని చెప్పి మూడుసార్లు వేయించుకున్నాను.

శుక్రవారం సాయంత్రం పోలయ్యన్న ఆర్నో గారి అల్లిక చేతిలోకి తీసుకుని తిప్పి తిప్పి చూశాడు. "ముడి గట్టిగానే ఉండాది. కానీ అంతా తిరగేసినట్టు ఉండాదే! ఈయన పుర్రచేతివాటమా?"

అడిగితే, తాను కుడిచేత్తోనే రాస్తానన్నారు ఆర్నో గారు. నాకు మెస్‌లో ఎడమచెయ్యి గుర్తొచ్చింది. కాంతమ్మ నడుం పట్టుకుని నవ్వింది. "అద్దంలో బొమ్మ మాదిరి నేర్చుకున్నాడు! నువ్వు కుడిచెయ్యి ఆడిస్తే, ఎదురుగా ఉండే ఆయనకి అది ఎడంపక్క గదా. ఎదురుగా కూర్చోబెడితే ఇంతే. పక్కన కూర్చోబెట్టుకో మనిషిని!"

కసాయి దగ్గరా గడియారాల ఆయన దగ్గరా కూడా ఈయన ఎదురుగానే కూర్చున్నారట. తెర మీద నలభై ఆరేళ్ళు ఎడమచేత్తో మాంసం కొట్టి, ఎడమచేత్తో గడియారాలు తిప్పారన్నమాట. ఎవరూ గమనించలేదు. "ఎవరూ నా చేతులు చూడలేదు" అన్నారాయన. అది నవ్వుతూనే అన్నారు కానీ నాకు నవ్వు రాలేదు.

ఇద్దరు పోలయ్యలు

శనివారం పక్కపక్కన కూర్చున్నారు. ఇప్పుడు కుడి కుడే, ఎడమ ఎడమే. గంటలో చేతులు దారిలో పడ్డాయి. సూది పోవడం, దారం లాగడం, బొటనవేలితో వల బిగించడం, మధ్యలో పక్కకి తిరిగి దగ్గడం కూడా పోలయ్యన్నే. రేవులో వాళ్ళు ఒక్కొక్కరే వచ్చి చుట్టూ చేరారు. "ఒరే, ఇద్దరు పోలయ్యలు రా!" అని ఎవరో అరిచారు. "వేలు చూడండ్రా, వేలు కూడా!"

అప్పుడు చూశాను. ఆర్నో గారి ఎడమచేతి ఉంగరపు వేలు అరచేతిలోకి ముడుచుకుని ఉంది. పోలయ్యన్న వేలూ అంతే. ఆయనది పద్ధెనిమిదేళ్ళ కిందట పడవ మోకులో పడి నలిగిపోయి, మళ్ళీ చాచుకోలేదు. దాన్ని దాచడానికే ఆ తువ్వాలు. ఆర్నో గారికి అదీ పనిలో భాగమే అనిపించింది, నేర్చేసుకున్నారు.

జనం పగలబడి నవ్వుతున్నారు. పోలయ్యన్న ఆ వేలుని చూశాడు, తన వేలుని చూసుకున్నాడు. సూది ఇసుకలో గుచ్చి, చేతికి తువ్వాలు చుట్టుకుని లేచాడు. "కూటికి లేకపోయినా ఎవరిచేతా నవ్వించుకోలేదు నేను. పొమ్మను ఆయన్ని" అని ఇంటికి వెళ్ళిపోయాడు.

ఆ మాట నేను చెప్పకముందే ఆర్నో గారికి అర్థమైంది. వీడియోకి మిగిలింది ఒక్క రోజు. అయినా ఆయన దాని ఊసెత్తలేదు. "వాళ్ళింటికి తీసుకెళ్ళండి" అన్నారు.

పోలయ్యన్న ఇంటి గడపలో

నా బతుకులో అంత కష్టమైన దుబాసీ పని చేయలేదు. "నలుగురిలో నగుబాటు చేసినాడు" అని పోలయ్యన్న అంటే, దాన్ని జర్మన్‌లోకి ఎలా తిప్పను? "కస్టమర్‌కి పైపూత దెబ్బతింది" అన్నాను. ఆర్నో గారు నా వైపు జాలిగా చూసి, మెల్లగా, చిన్న చిన్న మాటల్లో చెప్పసాగారు. నాకోసమే అంత తేలిక చేశారు.

"నేను వెక్కిరించలేదు. ఆ వేలు వంగి ఉంది కాబట్టే మీ దారం జారదు. మీ పనంతా ఆ వేలులో ఉంది. అది లేకపోతే నేను తాడు పట్టుకున్న పెన్షన్ ముసలాణ్ణి. కానీ అది మీది. వద్దంటే తీసేస్తాను."

పోలయ్యన్న తువ్వాలు వైపు చూస్తూ కూర్చున్నాడు. కాంతమ్మే మాట్లాడింది. "కూతురి పెళ్ళిలో కూడా చెయ్యి దాచుకోనే అక్షింతలు వేసినాడన్నా. ఇన్నేళ్ళలో దాన్ని ఇంతసేపు చూసిన మనిషి ఈయనే." తర్వాత ఆయన వైపు తిరిగి, "సినిమాలో ఆ ముసలాయన ఏమైతాడు?" అని అడిగింది.

నేను అడిగి చెప్పాను. ఆఖర్లో ఒంటరిగా పడవ మీద పోతాడు. తిరిగి రాడు. ఒడ్డుకి వల మాత్రం కొట్టుకొస్తుంది.

కాంతమ్మ చటుక్కున లేచి నిలబడింది. "అట్టయితే వద్దు. పడవ సముద్రం లోపలికి పోయినాక మా ఇంట్లో రాడు అనే మాటే నోట పలకం. నలభై ఏళ్ళుగా ఈ గడపలో కూర్చోని చూస్తా ఉండాను. మా ఆయన వేలు పెట్టుకోని సముద్రంలోకి పొయ్యి, రాకుండా పోతాడా? నేను ఒప్పుకోను."

పోలయ్యన్న మొదటిసారి తలెత్తాడు. "అంతే. నా వేలు కావాలంటే తీసుకోమను. ఆ వేలుతో చావగూడదు. తిరిగి రావాల."

ఆ షరతు ఆర్నో గారికి చెప్పాను. ఆయన భయం నాకు తెలుస్తూనే ఉంది. డైరెక్టర్ పడమన్నచోట పడి, జరగమన్నచోట జరిగిన మనిషి. "నలభై ఆరేళ్ళలో నేను డైరెక్టర్లని అడిగింది ఒక్కటే. టాయిలెట్ ఎక్కడ అని" అన్నారు. ఇప్పుడు చేతికొచ్చిన ఒకే ఒక్క పెద్ద వేషంలో కథ ముగింపు మార్చమని అడగాలి. పక్కన ఇంకో నటుడు కాచుకుని ఉన్నాడు. వేలు చాచేసి అల్లినా వీడియో తీయొచ్చు, ఎవరికీ తెలియదు. ఆ సలహా నేనే ఇచ్చాను, నాది ఫ్యాక్టరీ బుద్ధి. ఆయన కాంతమ్మ కూర్చునే గడప వైపు చూసి, "గీజెలా కూడా ఇలాగే అడిగేది. ఈసారైనా బతకకూడదా అని" అన్నారు. ఆ వాక్యం నేను తెలుగులోకి తిప్పలేదు. కాంతమ్మ, "ఏమన్నాడు?" అంటే, "అడుగుతానన్నాడు" అని ఊరుకున్నాను.

ఆదివారం

మొదటి వీడియోలో ఆరు నిమిషాలు నా బొటనవేలే పడింది. వేళ్ళ కథలో నాదీ ఒకటి ఉండాలనేమో. రెండోసారి పదకొండు నిమిషాలు ఆర్నో గారు వంచిన తల ఎత్తకుండా అల్లారు. చివర్లో ఒక కాకి వచ్చి వల మీద వాలితే, చూడకుండానే మోచేత్తో అదిలించారు. అదీ పోలయ్యన్నదే. వీడియో కింద ఉత్తరం రాశారు. వేలు ఎవరిదో, ఇచ్చినవాళ్ళు ఏం కోరారో, ముగింపు మార్చకపోతే తాను ఈ వేషం వేయలేనని. పంపే ముందు నా చెయ్యి పట్టుకున్నారు.

జవాబు రాలేదు. బయల్దేరే ముందు కాంతమ్మ నా ఫోనులో ఇద్దరికీ ఫొటో తీసింది. తీసి చూసుకుని నుదురు కొట్టుకుంది. "ఒకాయనకి చెయ్యి లేదు, ఇంకొకాయన మనిషే లేడు!" అంది. నిజమే. పోలయ్యన్న చేతిమీద తువ్వాలు, పక్కన ఖాళీ, ఖాళీ చివర ఒక మోచెయ్యి.

ఇంటికొచ్చాక

తొమ్మిది రోజులు గడిచాయి. మా ఊళ్ళో నాట్లు పడుతున్నాయి, సెలవు పెట్టి నేను గట్టు మీద గొడుగేసుకుని అజమాయిషీ నటిస్తున్నాను. ఆర్నో గారి నుంచి మెసేజ్ వచ్చింది. డైరెక్టరమ్మ రాసిన రెండు ముక్కలే పంపారు.

"మీరు చనిపోతే ఈ దేశంలో ఎవరూ ఆశ్చర్యపోరు. తిరిగొస్తేనే ఆశ్చర్యపోతారు. అలాగే కానిద్దాం."

గట్టు మీదే గంతేశాను, ఒక కాలు మడిలో దిగబడింది. అలాగే నిలబడి జువ్వలదిన్నెకి ఫోను చేశాను.

"బతికినాడా?" అంది కాంతమ్మ, హలో కూడా అనకుండా.

"బతికినాడక్కా. తిరిగొస్తాడు."

ముక్కు ఎగబీల్చిన చప్పుడు వినిపించింది. పోలయ్యన్న ఫోను లాక్కుని, "వేలు జాగ్రత్తని చెప్పన్నా, పనైపోయినాక తిరిగి ఇచ్చేయమను" అని పెట్టేశాడు.

నాలుగు రోజులు పోయాక, ఊరికే ఉండబట్టలేక మళ్ళీ చేశాను. అన్న ఉన్నాడా అని అడిగితే కాంతమ్మ విసుక్కుంది.

"రేవులో ఉండాడు. కనపడినోళ్ళందరికీ చెయ్యి చూపిస్తా, పని ఎగ్గొట్టి. మొన్ననంగా ఉతికి ఆరేసినానన్నా తువ్వాలు. ఇంకా దండెం మీదే ఉండాది."